ఎల్ఎంసీ అయ్యాక ప్రమోషన్: జవాన్ తన కాగితాలు తానే చూసుకునే పద్ధతి

నేను ఆర్మీలో క్లర్క్‌గా చేరి సుబేదార్‌గా బయటికొచ్చాను. సర్వీసులో ఎక్కువ కాలం యూనిట్ ఆఫీసులోనే గడిచింది. రిటైరయ్యాక కూడా మన కుర్రాళ్ల ఫోన్లు ఆగలేదు. "సాబ్, ఎల్ఎంసీ అయిపోయాను, ఇక నా ప్రమోషన్ సంగతి అంతేనంట కదా" అని మొదలుపెడతారు. ఎల్ఎంసీ అంటే లో మెడికల్ కేటగిరీ, దెబ్బో జబ్బో వల్ల పూర్తి ఫిట్ కాదని డాక్టర్లు తగ్గించి రాసిన కేటగిరీ. నేను ముందు అడిగేది ఒకటే: "తమ్ముడూ, నీ కేటగిరీ మొత్తం చదివి వినిపించు." చాలామంది దగ్గర సమాధానం ఉండదు. "మోకాలు సాబ్" అంటారు. మోకాలు జబ్బు పేరు, కేటగిరీ కాదు. జవాన్ల సర్వీసు వివరాలు ఉంచే రికార్డ్స్ ఆఫీసు మోకాలిని చూడదు, కేటగిరీని చూస్తుంది.

ఉదాహరణకి ఎస్1 హెచ్1 ఏ2(టి-24) పి1 ఈ1 అని రాసి ఉందనుకో. ఎస్ అంటే మానసిక స్థితి, హెచ్ వినికిడి, ఏ కాళ్లూ చేతులూ, పి శరీర సామర్థ్యం, ఈ చూపు. ఈ ఐదు ఇంగ్లిష్ అక్షరాలు కలిపితే షేప్. అన్నిటికీ 1 ఉంటే షేప్-1, అంటే పూర్తి ఫిట్. 2, 3 అంటే ఆంక్షలతో డ్యూటీ. 4 అంటే ప్రస్తుతానికి ఆస్పత్రిలోనో సిక్ లీవ్‌లోనో ఉన్నట్టు. 5 అంటే సర్వీసుకే పనికిరాడని. పై ఉదాహరణలో కుర్రాడికి కాలో చెయ్యో మాత్రమే సమస్య, అదీ 24 వారాలకే. దాని పక్కనే కోప్ కోడింగ్ ఉంటుంది. ఎలాంటి వాతావరణంలో, ఎలాంటి ప్రాంతంలో పెట్టకూడదు, వైద్య పర్యవేక్షణ ఎంత కావాలి, ఏ శ్రమ చేయకూడదు అన్నవి అందులో ఉంటాయి. నాయబ్ సుబేదార్ సాబ్ నిన్ను పరుగుకి పిలిచినా, కేడర్‌కి, అంటే ప్రమోషన్‌కి కావాల్సిన ట్రైనింగ్‌కి, పంపనన్నా మాట్లాడాల్సింది ఆ కోడింగ్ చూసే.

ఇక బ్రాకెట్‌లో టి ఉందా, పి ఉందా అన్నది చూడు. టి అంటే తాత్కాలికం, పి అంటే పర్మనెంట్. పర్మనెంట్ అనగానే జీవితాంతం అనుకుని కుంగిపోయేవాళ్లను చూశాను. దానికీ రెండేళ్లకోసారి రివ్యూ ఉంటుంది, మెరుగైతే పైకి లేపుతారు. రక్తపోటుతోనో బరువుతోనో పి2 (ఈ పి శరీర సామర్థ్యం, పర్మనెంట్ కాదు) అయినవాడికి ఈ దారి బాగా తెరిచే ఉంటుంది. బరువు కేసులో నీ మందు నీ చేతిలోనే ఉంది. లంగర్‌లో, అంటే యూనిట్ భోజనశాలలో, పూరీలు వదిలెయ్యి, చాలు.

ప్రమోషన్‌కి మామూలుగా షేప్-1 అడుగుతారు. సడలింపు ఎవరికి, ఎంతవరకు అన్నది ర్యాంకును బట్టి, ట్రేడును బట్టి, అన్నిటికంటే ఎక్కువగా దెబ్బ ఎలా తగిలిందన్న దాన్ని బట్టి మారుతుంది. బ్యాటిల్ క్యాజువల్టీ, అంటే యుద్ధరంగంలో గాయపడ్డవాడు, అయితే లెక్క వేరు. 1971 యుద్ధంలో కాలు పోయాక కూడా బెటాలియన్‌ను, తర్వాత బ్రిగేడ్‌ను కమాండ్ చేసిన మేజర్ జనరల్ ఇయాన్ కార్డోజో గురించి వాట్సాప్‌లో నాకు పంపి "మరి ఆయనకిచ్చారుగా" అంటారు కుర్రాళ్లు. ఆయన ఆఫీసర్, గాయం యుద్ధరంగంలో అయింది. సెలవులో ఊళ్లో బైక్ మీంచి పడ్డవాడు ఆ పేరు చెప్పి అప్లికేషన్ రాస్తే నవ్వుతారు.

అందుకే దెబ్బ తగిలిన వెంటనే ఇంజురీ రిపోర్ట్, అంటే ఐఏఎఫ్‌వై-2006 ఫారం, తయారు చేయించుకో. అవసరమైతే కోర్ట్ ఆఫ్ ఎంక్వైరీ, అంటే ఆర్మీ లోపలి విచారణ, జరగాలి. అది డ్యూటీలో తగిలిందా, సర్వీసు వల్ల వచ్చిందా, సర్వీసు వల్ల ముదిరిందా అన్నది కాగితం మీదికి రావాలి. యూనిట్ ఏర్పాటు చేసిన వాలీబాల్ మ్యాచ్‌లో కాలు మడతపడినా డ్యూటీ కిందికే వస్తుంది. కానీ సాక్షులు పోస్టింగ్ మీద వెళ్లిపోయాక ఎవర్ని అడుగుతావు? ఈ కాగితం రేపు ప్రమోషన్ సడలింపుకే కాదు, డిసేబిలిటీ పెన్షన్‌కీ పనికొస్తుంది.

ఇప్పుడు బోర్డు సంగతి. కుర్రాళ్లు ఎక్కువగా దెబ్బతినేది ఇక్కడే. టి-24 గడువు ముగిసేలోపు రీక్యాట్ బోర్డు, అంటే కేటగిరీని మళ్లీ తేల్చే డాక్టర్ల బోర్డు, జరగాలి. ఆ టైముకి నువ్వు లీవులోనో, కోర్సులోనో, ఎక్కడో డిటాచ్‌మెంట్‌లోనో ఉంటావు. బోర్డు ఓవర్‌డ్యూ అవుతుంది. కాలు నయమైపోయి ఫుట్‌బాల్ ఆడుతున్నా కాగితం మీద నువ్వు ఇంకా ఏ2. కాబట్టి గడువుకి ఓ నెల ముందే ఎంఐ రూమ్‌కి, అంటే యూనిట్ వైద్య గదికి, వెళ్లు. స్పెషలిస్ట్ ఒపీనియన్ ఎప్పుడు, ఎంఆర్ఐ కావాలా, రక్త పరీక్షలు ఏవి కావాలి అని యూనిట్ డాక్టరైన ఆర్ఎంఓ సాబ్‌ను అడుగు. బోర్డు ప్రొసీడింగ్స్ ఏఎఫ్ఎంఎస్ఎఫ్-15 అనే ఫారం మీద రాస్తారు. బోర్డులో కూర్చున్న డాక్టర్లు సంతకం పెట్టగానే పని అయిపోదు, పై మెడికల్ అధికారి ఆమోదం పడాలి.

ఆ తర్వాత యూనిట్ నుంచి పార్ట్-2 ఆర్డర్, అంటే జవాన్ వివరాల్లో వచ్చిన మార్పును రికార్డ్స్‌కి తెలిపే ఆర్డర్, వెళ్లాలి. ఓ హవల్దార్ కేసు నా టేబుల్ మీదికే వచ్చింది. మోకాలి లిగమెంట్ ఆపరేషన్ అయ్యి, బోర్డులో షేప్-1 వచ్చి, బీపీఈటీ అనే శారీరక పరీక్షలో ఐదు కిలోమీటర్ల పరుగు కూడా పాసయ్యాడు. అయినా ప్రమోషన్ లిస్టులో పేరు లేదు. ఫైల్ తెరిచి చూస్తే కొత్త కేటగిరీ మీద పార్ట్-2 ఆర్డరే వెళ్లలేదు. రికార్డ్స్ లెక్కలో అతను ఇంకా ఏ2(టి-24). బోర్డు కాపీ జతచేసి ఆర్డర్ పంపించి, పాత తేదీ నుంచి సీనియారిటీ కోసం కేసు వేరుగా నడపాల్సి వచ్చింది. ఆ కుర్రాడి మొహం చూస్తే టెన్షన్ నాకూ పట్టుకుంది. నువ్వు మాత్రం బోర్డు ఆమోదం వచ్చిన వారంలోనే ఆఫీసుకి వెళ్లి పార్ట్-2 ఆర్డర్ నంబరు, తేదీ రాసుకో. హెడ్ క్లర్క్ విసుక్కుంటాడు. విసుక్కోనీ.

మెడికల్ తేలేవరకు చేతులు ముడుచుకుని కూర్చోకు. నీ ర్యాంకుకు కావాల్సిన ఆర్మీ ఎడ్యుకేషన్ సర్టిఫికెట్, మ్యాప్ రీడింగ్, ట్రేడ్ టెస్టు, ప్రమోషన్ కేడర్ ఇవన్నీ విడివిడి అర్హతలు. మెడికల్ సడలింపు దొరికినా ఇవి లేకపోతే అది ఎందుకూ పనికిరాదు. ఎడ్యుకేషన్, మ్యాప్ రీడింగ్ పరీక్షలకి మోకాలితో పనిలేదు, కాబట్టి ఎల్ఎంసీలో ఉన్న కాలంలోనే వాటిని పూర్తి చెయ్యి. కేడర్‌లో శారీరక భాగం ఉంటుంది కాబట్టి పంపకపోవచ్చు. అప్పుడు "పేరు పంపలేదు, కారణం మెడికల్" అని రాతలో ఉండేలా చూసుకో. నోటిమాటగా వదిలేస్తే రేపు నువ్వే వెళ్లలేదన్నట్టు తేలుతుంది.

కొన్ని యూనిట్లలో ఓ తెల్లకాగితం ముందు పెట్టి "అన్‌విల్లింగ్ అని సంతకం పెట్టు, గొడవ ఉండదు" అంటారు. పెట్టకు. ఫిట్ కాకపోవడం వేరు, వద్దనడం వేరు. 8, 16, 24 ఏళ్లకి వచ్చే ఎంఏసీపీ, అంటే ప్రమోషన్ రాకపోయినా జీతం పెంచే పద్ధతి, ఉంది చూశావా, రెగ్యులర్ ప్రమోషన్ ఇస్తామంటే వద్దన్నవాడికి అది ఆగిపోతుంది. జీతంలో తేడా పెన్షన్ దాకా వెంటాడుతుంది.

హవల్దార్ నుంచి నాయబ్ సుబేదార్‌కి డీపీసీలో, అంటే ప్రమోషన్ తేల్చే కమిటీలో, ఏసీఆర్లే, అంటే ఏటా పై అధికారులు రాసే రిపోర్టులే, ప్రాణం. 1997 అక్టోబర్ 10 నాటి పాలసీ లెటర్ ఈ విషయంలో కోర్టుల్లో ఎక్కువగా వినిపించే పేరు. దానికి తర్వాత మార్పులు వచ్చాయి కాబట్టి నీ రికార్డ్స్‌లో ఇప్పుడు నడుస్తున్న లెటర్ నంబరు అడిగి తీసుకో. ఎల్ఎంసీ వాళ్లకి ఇక్కడ ఒక చిక్కుంది. షెల్టర్డ్ అపాయింట్‌మెంట్, అంటే శ్రమలేని పని, పేరుతో స్టోర్లోనో క్యాంటీన్‌లోనో కూర్చోబెడితే ప్రాణానికి సుఖమే, కానీ డీపీసీ రెజిమెంటల్ డ్యూటీ, అంటే యూనిట్ అసలు సైనిక పని, రిపోర్టులు అడుగుతుంది. నా ఉద్దేశంలో ఎల్ఎంసీ కంటే ఈ సుఖమే ఎక్కువమంది ప్రమోషన్ తినేసింది. కేటగిరీ ఒప్పుకునే రెజిమెంటల్ పని ఏదో ఒకటి అడిగి తీసుకో. ట్రైనింగ్ క్లాసులు చెప్పడానికి కాలు బాగుండక్కర్లేదు.

జూనియర్‌కి ప్రమోషన్ వచ్చి నీకు రాకపోతే ముందు కారణం రాతపూర్వకంగా అడుగు. తృప్తి కలగకపోతే ఆర్మీ యాక్ట్ 26వ సెక్షన్ కింద ఫిర్యాదు పెట్టు. ఎక్నాలెడ్జ్‌మెంట్ లేకుండా ఏ కాగితమూ ఇవ్వకు. అక్కడా తేలకపోతే ఆర్మ్‌డ్ ఫోర్సెస్ ట్రిబ్యునల్, మన తెలుగు రాష్ట్రాలకి చెన్నై బెంచ్. తుది జవాబు వచ్చిన ఆరు నెలల్లోపు వెళ్లాలి. ఫిర్యాదుకి ఆరు నెలలు గడిచినా జవాబు రాకపోతే, అక్కడి నుంచి మరో ఆరు నెలలు లెక్క.

ట్రిబ్యునల్‌కి వెళ్లేవాళ్లకి దివ్యాంగుల హక్కుల చట్టం గురించి ఎవరో ఒకరు చెప్పే ఉంటారు. 2016 నాటి ఆ చట్టంలో 20వ సెక్షన్ వైకల్యం ఒక్కటే కారణంగా ప్రమోషన్ ఆపకూడదంటుంది. నిజమే. అయితే 2021 ఆగస్టులో వచ్చిన నోటిఫికేషన్‌తో కంబాటెంట్లకి, అంటే యూనిఫాంలో ఉండే సైనికులకి, ఆ సెక్షన్ వర్తించకుండా మినహాయించారు. దాని మీద ఆశ పెట్టుకుని వకీలుకి ఫీజు కట్టొద్దు. నీ కేసు నిలబడేది పాలసీ లెటర్ మీద, బోర్డు తేదీ మీద, పార్ట్-2 ఆర్డర్ మీద. ఆ మూడు కాగితాల కాపీలు యూనిట్ పెట్టెలో కాకుండా ఇంట్లో బీరువాలో ఒక సెట్టు ఉంచు.