ఫిలిప్పీన్స్ ప్రతినిధుల సభ సభ్యురాలిని గురించి తెలుగులో రాయవలసిన తీరు

‘కాంగ్రెస్ నాయకురాలు’ అనగానే తెలుగు పాఠకునికి గాంధీభవన్ గుర్తుకు వస్తుంది కనుక, ఫిలిప్పీన్స్ కాంగ్రెస్ సభ్యురాలి జీవితాన్ని రాయబూనినవారు మొదటి వాక్యంలోనే ఆమెను ‘ప్రతినిధుల సభ సభ్యురాలు’ అని పేర్కొనాలి. అక్కడ కాంగ్రెస్ అంటే పార్టీ కాదు, సెనేట్, ప్రతినిధుల సభ కలిసిన చట్టసభ. ఆ సభలో ఒకప్పుడు సభ్యురాలై, తరువాత దేశ ఉపాధ్యక్షురాలైన లెనీ రొబ్రెడోను ఉదాహరణగా తీసుకుందాం.

ముందుగా పేరు సంగతి తేల్చుకోవాలి. ఆమె పూర్తి పేరు మరియా లియొనోర్ హెరోనా రొబ్రెడో. నడుమ ఉన్న ‘హెరోనా’ పుట్టింటి పేరు, చివరిది అత్తింటి పేరు. ఇంగ్లిష్ అక్షరాలను చూసి ‘జెరోనా’ అని రాసేస్తుంటారు గాని, ఉచ్చారణను బట్టి రాయడమే మన పద్ధతి. సొంత ఊరు ‘నాగా’ అని మాత్రమే రాస్తే నాగాలాండ్ అనుకునే ప్రమాదం ఉంది కాబట్టి బికోల్ ప్రాంతంలోని నాగా నగరమని విడమరచాలి.

తరువాత పదవీకాలం. అక్కడ ఒక దఫా మూడేళ్లే, వరుసగా మూడు దఫాలకు మించి పోటీ చేయరాదు. నియోజకవర్గం నుంచి గెలిచిందా, పార్టీ జాబితా ద్వారా (అంటే దేశమంతటా పార్టీకి పడిన ఓట్లను బట్టి) వచ్చిందా అన్నది కూడా చెప్పాలి. లెనీ కమరీనెస్ సూర్ ప్రావిన్స్‌లోని 3వ నియోజకవర్గం నుంచి గెలిచి, 2013 జూన్ 30 నుంచి 2016 జూన్ 30 వరకు సభలో ఉన్నారు.

అసలు జాగ్రత్త పడవలసిన చోటు ఇక్కడే ఉంది. ఆమె భర్త, అప్పటి ఆంతరంగిక, స్థానిక పాలన వ్యవహారాల మంత్రి జెస్సీ రొబ్రెడో 2012 ఆగస్టు 18న మస్బాతే ద్వీపం సమీపంలో విమానం సముద్రంలో కూలి మరణించారు. ఆ మరుసటి ఏడాదే ఆమె పోటీ చేసి, ఆ ప్రావిన్స్ రాజకీయాలలో పాతుకుపోయిన విల్యాఫ్యుయెర్తే కుటుంబపు అభ్యర్థినిని ఓడించారు. ఈ వరుసను చూసి చాలామంది ‘భర్త పోయాక రాజకీయాల్లోకి వచ్చిన ఇల్లాలు’ అన్న కథనం అల్లేస్తారు. అది సగమే నిజం. అంతకు ముందే ఆమె అర్థశాస్త్రం, న్యాయశాస్త్రం చదివి, సలిగాన్ అనే న్యాయసహాయ సంస్థ తరఫున రైతులకు, మత్స్యకారులకు అండగా నిలిచిన న్యాయవాది. ఆ ఏళ్లకు ఒక పేరా కేటాయించకపోతే వ్యాసం సానుభూతి పత్రమవుతుంది.

శాసన కార్యాన్ని రాసేటప్పుడు ప్రతిపాదించిన బిల్లును, ఆమోదం పొందిన చట్టాన్ని కలిపేయకూడదు. స్థానిక సంస్థలు తమ జమాఖర్చులను బహిరంగంగా ప్రదర్శించాలని జెస్సీ మంత్రిగా 2010లో ఆదేశించగా, ఆ నియమాన్ని ప్రభుత్వ సంస్థలన్నింటికీ వర్తింపజేయాలని లెనీ బిల్లు పెట్టారు. అది చట్టం కాలేదు. ఆమె ముఖ్య రచయితలలో ఒకరైన పన్ను రాయితీల పారదర్శకత బిల్లు మాత్రం 2015లో 10708వ నంబరు చట్టమైంది. ఇలాంటి నంబరు ఒక్కటి ఉన్నా చాలు, పాఠకుడు తానే వెతికి సరిచూసుకోగలడు.

రాత్రివేళ ఆమె ఒంటరిగా బస్సు కోసం నిలబడి ఉన్న ఫొటో ఎంతో ప్రచారం పొందింది. మనీలా, నాగాల మధ్య ఆమె మామూలు బస్సులోనే తిరిగేవారు. ఆ ముచ్చటను తప్పక రాయండి, కాని బిల్లుల తరువాత రాయండి.

2016లో ఫెర్డినాండ్ మార్కోస్ జూనియర్‌పై 2,63,473 ఓట్ల ఆధిక్యంతో ఉపాధ్యక్షురాలు కావడం, 2022లో అధ్యక్ష ఎన్నికలో ఆయన చేతిలోనే ఓడిపోవడం రెండు వాక్యాలలో సరిపోతాయి. పాత వ్యాసాన్ని సవరిస్తున్నవారు 2025లో ఆమె నాగా మేయరుగా ఎన్నికైన విషయాన్ని చేర్చి, మొదటి వాక్యాన్ని కూడా తదనుగుణంగా మార్చాలి.