ముంపు గ్రామాల జ్ఞాపకాలను డాక్యుమెంటరీగా తీయడం ఎలా

శ్రీశైలం జలాశయం కింద 1981లో మునిగిపోయిన కర్నూలు ప్రాంతపు ఊళ్ల మీద డాక్యుమెంటరీ తీయదలచినవారు కెమెరా పట్టుకొని నేరుగా సంగమేశ్వరానికి వెళ్లడం పరిపాటి. నీళ్లు తగ్గగానే బయటపడే ఆ గుడి, అందులోని వేప లింగం కంటికి ఇంపైనవే గాని, గుడి గురించిన చిత్రం వేరు, ఊరు పోగొట్టుకున్న మనుషుల గురించిన చిత్రం వేరు. రెండోదానికి స్పెయిన్‌కు చెందిన కెటలాన్ దర్శకుడు జొఆకిమ్ జోర్దా (1935–2006) పనితీరు మంచి దారి చూపుతుంది.

బార్సిలోనాలో నుమాక్స్ అనే గృహోపకరణాల ఫ్యాక్టరీని యజమానులు మూసివేయబోతే, కార్మికులే దానిని చేతిలోకి తీసుకొని కొంతకాలం నడిపారు. చివరకు అది మూతపడినప్పుడు, తమ పోరాట నిధిలో మిగిలిన డబ్బుతో ఆ కథను చిత్రంగా తీయమని జోర్దాను కోరారు. ఆ చిత్రం 1980లో వచ్చింది. రెండు దశాబ్దాల తర్వాత ఆయన అదే మనుషుల దగ్గరకు తిరిగి వెళ్లి, నియంత ఫ్రాంకో అనంతర స్పెయిన్‌లో వారి బతుకులు ఎటు మళ్లాయో మరో చిత్రంలో చూపించారు.

కనుక మొదట పునరావాస కాలనీల్లో కూర్చొని, ఏం చెప్పాలో, ఏం చెప్పకూడదో ముంపు బాధితులనే అడగాలి. చాలామంది ఊరి ముచ్చట కంటే ముందు 98 జీవో ప్రస్తావన తెస్తారు. ముంపు కుటుంబంలో ఒకరికి ఉద్యోగం ఇస్తామన్న 1986 నాటి ఆ ఉత్తర్వు అమలు కోసం ఏళ్ల తరబడి పెట్టుకున్న అర్జీల నకళ్లు ఉంటే, వాటిని హడావిడిగా ఫొటో తీసుకొని వదిలేయకుండా, వారే మడతలు విప్పి చదువుతుండగా చిత్రీకరించాలి. చదవలేనివారికి మనవరాలి చేత చదివించండి. ఆ పిల్ల అడిగే ప్రశ్నలు మన ప్రశ్నల కన్నా నయంగా ఉంటాయి.

భూసేకరణ అవార్డుల (భూమికి పరిహారం ఖరారు చేసిన ఉత్తర్వుల) నకళ్లకు సమాచార హక్కు చట్టం కింద 10 రూపాయల రుసుముతో దరఖాస్తు పెట్టవచ్చు. జవాబుకు గడువు 30 రోజులు. 2022లో నంద్యాల వేరే జిల్లా అయింది కాబట్టి పాత రికార్డు ఎక్కడుందో ముందే విచారించుకోవాలి.

జలాశయం అడుగు తేలే వేసవిలో, ఎండ ముదరకముందే పెద్దవారిని పాత ఊరి దిబ్బ మీదికి తీసుకువెళ్లాలి. అక్కడ "ఊరు మునిగినప్పుడు మీకేమనిపించింది" అని అడిగితే పత్రికల్లో వచ్చే జవాబే వస్తుంది. గడప ఏ దిక్కుకు ఉండేది, బావికి ఏ సందులో నుంచి పోయేవారు, బొడ్రాయి ఎక్కడ అని అడిగితే, వారు రాళ్ల వరుసను బట్టి గోడను పోల్చుకొని, లేని వాకిట్లోకి నడిచి చూపిస్తారు. ఆ నడకను మధ్యలో ఆపకుండా మొత్తం తీయాలి. ఆ బయలులో గాలి మాటను మింగేస్తుంది గనుక కాలర్ మైకుకు తొడుగు తప్పనిసరి. డ్రోన్ దృశ్యాలు ఒకటి రెండు చాలు. అవి అందరి దగ్గరా ఉన్నాయి.

ఎడిటింగ్‌లో సీమ మాటను సరిదిద్దవద్దు. తొలి కూర్పును కాలనీలోనే, పనులు ముగిసిన రాత్రి పూట చూపించి, పరిహారం పంపకాల్లో అన్నదమ్ముల మధ్య వచ్చిన తగాదాల వంటివి తీసేయమంటే వాదించకుండా తీసేయాలి. ముడి ఫుటేజీ నకలు ఒకటి కాలనీ యువకుల వద్ద ఉంచితే, కొన్నేళ్ల తర్వాత మళ్లీ వెళ్లినప్పుడు పాత మాటలను చెప్పినవారికే చూపించి, అక్కడి నుంచి చిత్రీకరణ మొదలుపెట్టవచ్చు.