కొలాస్టమీ: స్టోమా రకాలు, సంచి మార్చే పద్ధతి, రోజువారీ జాగ్రత్తలు

పెద్దపేగు చివర క్యాన్సర్ వచ్చినా, పేగు చిట్లినా, మెలిపడినా, బిడ్డ మలద్వారం లేకుండా పుట్టినా, మలం మామూలు దారిలో పోయే వీలు లేనప్పుడు సర్జన్లు పెద్దపేగును పొట్ట గోడ గుండా బయటికి తెచ్చి చర్మానికి కుడతారు. ఈ శస్త్రచికిత్సను కొలాస్టమీ అనీ, బయటికి కనిపించే పేగు ముఖాన్ని స్టోమా అనీ అంటారు. మలద్వారానికి ఉన్నట్టు బిగించి పట్టే కండరం స్టోమాకు ఉండదు కనుక మలాన్ని గానీ గాలిని గానీ ఆపుకోవడం సాధ్యం కాదు. అందుకే సంచి తగిలించుకోవాలి.

మీకు చేసినది ఏ రకమో డిశ్చార్జి కాగితం మీద స్పష్టంగా రాయించుకోండి. పొట్ట ఎడమవైపు కింది భాగంలో, అంటే సిగ్మాయిడ్ లేదా డిసెండింగ్ కోలన్‌లో (కోలన్ అంటే పెద్దపేగు) స్టోమా ఉంటే మలం దాదాపు మామూలుగానే గట్టిపడి వస్తుంది. పొట్టకు అడ్డంగా సాగే ట్రాన్స్‌వర్స్ కోలన్‌లో ఉంటే ముద్దగా వస్తుంది. కుడివైపు అసెండింగ్ కోలన్‌లో ఉంటే పలుచగా, తరచుగా వస్తుంది, పైగా అందులోని జీర్ణరసాలు తగిలితే చర్మం ఒరుసుకుపోతుంది. చిన్నపేగును బయటికి తెచ్చే ఇలియాస్టమీ వేరే శస్త్రచికిత్స. నీళ్లు, ఉప్పు విషయంలో దాని జాగ్రత్తలు చాలా వేరు కనుక ఒకరికి చెప్పిన సలహా మరొకరు పాటించకూడదు.

పేగును మడత రూపంలో పైకి లాగి, ముందు గోడను మాత్రమే కోసి తెరిస్తే అది లూప్ కొలాస్టమీ. దీన్ని ఎక్కువగా తాత్కాలికంగానే చేస్తారు. పేగును పూర్తిగా తెంచి ఒక కొసను మాత్రమే బయటికి తెస్తే ఎండ్ కొలాస్టమీ అవుతుంది. ఎండ్ అనగానే జీవితాంతం ఉండేదనుకుని చాలామంది కుంగిపోతారు గానీ, అన్నివేళలా అలా కాదు. పురీషనాళాన్ని, మలద్వారాన్ని పూర్తిగా తొలగించినప్పుడు అది శాశ్వతమే. కింది భాగాన్ని మూసి లోపలే ఉంచే హార్ట్‌మన్ పద్ధతిలో మాత్రం ఆరోగ్యం కుదుటపడ్డాక కొందరికి పేగును తిరిగి కలుపుతారు. మలద్వారం అలాగే ఉన్నవారికి అప్పుడప్పుడూ అక్కడి నుంచి జిగురు పడుతుంది. అది పేగు సహజంగా ఊరించే జిగురే కనుక కంగారుపడనక్కర్లేదు.

ముందే నిర్ణయించిన ఆపరేషన్ అయితే స్టోమా ఎక్కడ పెట్టాలో ముందురోజే గుర్తు పెట్టించుకోవడం చాలా ముఖ్యం. పడుకోబెట్టి మాత్రమే కాక, కూర్చోబెట్టి, వంగమని, నిలబెట్టి చూడాలి. పొట్ట మడతలోకి పోకుండా, చీర కుచ్చిళ్లు దోపే చోట గానీ, పంచె, లుంగీ, బెల్టు బిగించే చోట గానీ పడకుండా, మీ కంటికి కనిపించి చేతికి అందేలా ఉండాలి. మీ కట్టుబొట్టు సంగతి మీరే నోరు తెరిచి చెప్పండి.

సంచి మార్చడం ఆస్పత్రిలో ఉండగానే పేషెంటు సొంతంగా నేర్చుకోవాలి. మన దగ్గర డిశ్చార్జి రోజున భార్యకో కొడుకుకో చూపించి పంపడం కద్దు, దానివల్ల రోగి నెలల తరబడి పరాధీనంగా ఉండిపోతారు. ఉదయం ఏమీ తినకముందు మలం తక్కువగా వస్తుంది కనుక ఆ సమయం మేలు. ఒక చేత్తో చర్మాన్ని నొక్కిపట్టి, రెండో చేత్తో ప్లేటును, అంటే సంచిని చర్మానికి పట్టి ఉంచే అతుకును, పైనుంచి కిందికి మెల్లగా విడదీయండి. గోరువెచ్చని నీళ్లతో, మెత్తని గుడ్డతో తుడిచి, చర్మాన్ని పూర్తిగా ఆరనివ్వండి. తుడిచేటప్పుడు స్టోమా నుంచి ఒకటి రెండు రక్తపు చుక్కలు రావడం మామూలే. అక్కడ నొప్పి తెలియదు కనుక గోరు గీసుకున్నా తెలియకపోవచ్చు.

తర్వాత కొలత కార్డుతో స్టోమాను కొలిచి, దానికన్నా 2 నుంచి 3 మిల్లీమీటర్లు మాత్రమే పెద్దగా ప్లేటులో రంధ్రం కత్తిరించండి. మొదటి 6 నుంచి 8 వారాల్లో వాపు తగ్గి స్టోమా చిన్నదవుతుంది కనుక ఆ రోజుల్లో ప్రతిసారీ కొలవాలి. మొదట్లో కత్తిరించిన సైజునే కొనసాగిస్తే చుట్టూ తెరిచి ఉన్న చర్మంపై మలం చేరి ఎర్రబడి, ఒరుసుకుపోయి, ఆ తడికి ప్లేటు అంటక మళ్లీ కారుతుంది. చర్మపు బాధల్లో అధికభాగం ఇలా మొదలయ్యేవే. అంటించాక అరచేతిని ఒకటి రెండు నిమిషాలు ఆనించి ఉంచితే ఆ వేడికి ప్లేటు బాగా పట్టుకుంటుంది.

సంచిని మూడోవంతు నిండగానే ఖాళీ చేయాలి. బరువెక్కితే ప్లేటును లాగేస్తుంది. ప్లేటును సాధారణంగా 3, 4 రోజులకొకసారి మార్చుకోవచ్చు గానీ, కింద మంటో దురదో అనిపిస్తే అప్పుడే తీసేయండి, పైన టేపు అంటించి నెట్టుకురావద్దు. పుండు కనబడితే పసుపు, కొబ్బరినూనె రాసే అలవాటు మనకుంది. ఇక్కడ అవీ వద్దు, డెట్టాల్, స్పిరిట్, ముఖానికి వేసే పౌడరూ వద్దు.

తిండి విషయంలో మొదటి కొన్ని వారాలు మెత్తటి అన్నం, పెరుగు, ఇడ్లీ, ఉడికిన కూరలతో సాగించి, ఆ తర్వాత ఒక్కొక్క పదార్థాన్నీ కొద్దికొద్దిగా చేర్చుకుంటూ పోండి. క్యాబేజీ, చిక్కుళ్లు, పప్పులు, కూల్‌డ్రింకులు గాలిని పెంచుతాయి. కోడిగుడ్డు, చేపలు, వెల్లుల్లి వాసనను పెంచుతాయి. ములక్కాడ పీచునూ, మొక్కజొన్నలనూ బాగా నమలాలి. మజ్జిగ కొందరికి వాసన తగ్గిస్తుంది. గాలికి భయపడి భోజనం మానేయడం పొరపాటు, ఖాళీ పేగులోనూ గాలి చేరుతుంది. సంచితోనూ, సంచి తీసేసీ స్నానం చేయవచ్చు. గాయం మానేవరకు, కనీసం 6 నుంచి 8 వారాల పాటు, బిందెలు, సిలిండర్లు ఎత్తవద్దు. స్టోమా పక్కన హెర్నియా, అంటే లోపలి పేగు పొట్ట గోడలోంచి ఉబ్బుగా పొడుచుకురావడం, వచ్చే ప్రమాదం ఉంది.

ఆరోగ్యంగా ఉన్న స్టోమా నోటి లోపలి చర్మంలా ఎర్రగా, తడిగా ఉంటుంది. అది ఊదారంగుకో నలుపుకో తిరిగినా, రక్తం ఆగకపోయినా, పేగు ఉన్నట్టుండి పొడవుగా బయటికి జారినా, మలమూ గాలీ ఆగిపోయి పొట్ట ఉబ్బి వాంతులు మొదలైనా తెల్లవారేదాకా ఆగకుండా, విరేచనాల మందు సొంతంగా వేసుకోకుండా ఆస్పత్రికి వెళ్లండి. వెళ్లేటప్పుడు ఆ డిశ్చార్జి కాగితాన్నీ, రెండు సంచులనూ వెంట తీసుకెళ్లండి, క్యాజువాలిటీలో అవి దొరక్కపోవచ్చు.