టీవీ బాక్స్ ఫర్మ్‌వేర్ – 3వ భాగం: లోగో రాకముందు ఏం జరుగుద్ది?

పోయిన భాగంలో మూత విప్పి చిప్ పేరు చూడమన్నా కదా, దాని మీద ఆమ్‌లాజిక్ ఎస్905ఎక్స్ అనో ఎస్905డబ్ల్యూ అనో ఉంటే ఈ పాఠం మీకే. అట్ట పెట్టె మీద రాసింది మాత్రం నమ్మకండి, ర్యామ్ సైజు కూడా అబద్ధం రాసేవాళ్ళున్నారు.

ప్లగ్ పెట్టగానే ముందు లేచేది చిప్‌లోనే ఉండే బూట్‌రోమ్, దాన్ని మనం మార్చలేం. అది ఈఎమ్ఎమ్‌సీ (బోర్డు మీదే ఉండే స్టోరేజ్ చిప్) నుంచి బీఎల్2 అనే చిన్న ప్రోగ్రామ్ తెచ్చుకుంటుంది, బీఎల్2 ర్యామ్‌ని సెట్ చేస్తుంది, అప్పుడు యూ-బూట్ (సిస్టమ్‌ని లేపే ప్రోగ్రామ్) వచ్చి లోగో చూపించి, కెర్నల్‌నీ (సిస్టమ్‌కి గుండెకాయ లాంటిది) డీటీబీనీ (బోర్డు వివరాల ఫైలు, కింద చెప్తా) ర్యామ్‌లోకి ఎక్కించి తప్పుకుంటుంది. ఆండ్రాయిడ్ ఆ తర్వాతే.

అసలు ప్రమాదం బీఎల్2 దగ్గరే. ఒకే చిప్ ఉన్న రెండు బాక్సుల్లో ఒకదాంట్లో డీడీఆర్3 రకం ర్యామ్, ఇంకోదాంట్లో డీడీఆర్4 ఉండొచ్చు, టైమింగులు వేరు, చిప్ పేరు కలిసింది కదా అని నెట్‌లో దొరికిన ఫర్మ్‌వేర్ (బాక్స్‌ని నడిపే సాఫ్ట్‌వేర్) మొత్తం ఫ్లాష్ చేసేస్తే, అంటే ఈఎమ్ఎమ్‌సీలోకి రాసేస్తే, ర్యామ్ లేవక లోగో కూడా రాదు.

అందుకే మనం ఈఎమ్ఎమ్‌సీ జోలికి పోం. కోర్‌ఎలెక్‌ని (ఆండ్రాయిడ్ బదులు నడిచే లైనక్స్ సిస్టమ్) ఎస్‌డీ కార్డులో రాసి, కార్డు పెట్టి, రీసెట్ బటన్ (చాలా బాక్సుల్లో ఏవీ జాక్ లోపల దాక్కుని ఉంటుంది) టూత్‌పిక్‌తో నొక్కిపట్టి పవర్ ఇస్తే, బాక్స్ సొంత యూ-బూటే కార్డులోని ఏఎమ్ఎల్_ఆటోస్క్రిప్ట్ అనే ఆదేశాల ఫైలు చదివి, ఇకనుంచి ముందు కార్డు చూడాలని సెట్టింగ్ రాసుకుంటుంది. కార్డు తీసేస్తే మళ్ళీ ఆండ్రాయిడే.

ఇక డీటీబీ. బోర్డు మీద ఏ పిన్నుకి ఏం తగిలించారో కెర్నల్‌కి చెప్పే ఫైలు ఇది. 2 జీబీ ఎస్905ఎక్స్‌కి జీఎక్స్ఎల్_పీ212_2జీ, ఎస్905డబ్ల్యూకి పీ281 రకం, దాన్ని డీటీబీ.ఐఎమ్‌జీ అని పేరు మార్చి కార్డులో ఏ ఫోల్డర్‌లోనూ కాకుండా పైనే పెట్టాలి. తప్పుది పెడితే వైఫై రాకపోవచ్చు, అసలు బూటే అవ్వకపోవచ్చు, కార్డు తీసి అందులో ఇంకో డీటీబీ పెట్టి చూడండి.

ఆల్‌విన్నర్ హెచ్3 అనే ఇంకో చిప్ ఉన్న బోర్డులకి ఈ గోల సగం లేదు, వాటి బూట్‌రోమే ముందు ఎస్‌డీ కార్డులో 8 కేబీ దగ్గర వెతుకుద్ది, ఈఎమ్ఎమ్‌సీ పాడైనా కార్డుతో లేపొచ్చు. నన్నడిగితే నేర్చుకోడానికి అవే బెటర్.

వచ్చే భాగంలో సీరియల్ కేబుల్‌తో (బోర్డు పంపే మెసేజీలని కంప్యూటర్‌లో చూపిస్తుంది) ఈ వరసంతా 115200 స్పీడులో కళ్ళారా చూద్దాం. అడాప్టర్ 3.3 వోల్టులదే కొనండి, 5 వోల్టులది వద్దు, పిన్నులు మాడిపోవచ్చు. ఈలోపు ర్యామ్ చిప్పుల మీద నంబర్లు ఫొటో తీసి పెట్టుకోండి.