స్టీరింగ్ విప్పే ముందు పావుగంట ఊరికే కూర్చోండి

నా మీసం కింద ఒక పాత గాటు ఉంది. 1993లో హైదరాబాద్ మల్లేపల్లి ఐటీఐలో మోటార్ మెకానిక్ ట్రేడ్ నేర్చుకునే రోజుల్లో పడింది. అంబాసిడర్ స్టీరింగ్ బిగుసుకుపోయి ఊడి రాకపోతే, నట్టు పూర్తిగా తీసి పక్కన పెట్టి, రెండు చేతులతో నా వైపుకు గుంజాను. పది నిమిషాలు కదల్లేదు. పదకొండో నిమిషంలో ఉన్నపళంగా ఊడొచ్చి మూతి మీద కొట్టింది. పెదవికి రెండు కుట్లు పడ్డాయి. అప్పట్లో స్టీరింగ్ మధ్యలో ఉండేది హారన్ బటన్ ఒక్కటే కాబట్టి రెండు కుట్లతో బయటపడ్డాను. ఇప్పుడు అదే చోట ఎయిర్‌బ్యాగ్ ఉంటుంది, అంటే మడత పెట్టిన సంచి, దాని వెనక క్షణంలో మండి గ్యాసై ఉబ్బే మందు. చెయ్యి పాతదే, అలవాటు మాత్రం మార్చుకోవాల్సి వచ్చింది.

పోయిన నెల హబ్సిగూడ నుంచి మా మేనల్లుడు కారు తెచ్చాడు. 2013 మోడల్ చిన్న కారు. స్టీరింగ్ సూటిగా ఉంటే హారన్ మోగదు, ఎడమకు సగం తిప్పితే మోగుతుంది. మీటర్ బోర్డులో, మనిషి ముందు బెలూన్ పెట్టుకుని కూర్చున్నట్టుండే ఎర్ర ఎయిర్‌బ్యాగ్ బొమ్మ ఆరకుండా వెలుగుతోంది. ఒక వర్క్‌షాప్‌లో స్టీరింగ్ మొత్తం మార్చాలని చెప్పారట. ఈ రెండు లక్షణాలూ ఒకేసారి కనబడితే నేను ముందు అనుమానించేది క్లాక్ స్ప్రింగ్‌ని.

స్టీరింగ్ తిరుగుతుంది, దాని కిందున్న కాలమ్, అంటే స్టీరింగ్ షాఫ్ట్ (తిరిగే కడ్డీ) చుట్టూ ఉండే గొట్టం, తిరగదు. తిరిగేదానికీ తిరగనిదానికీ మధ్య కరెంటు పోవాలి కదా, మామూలు వైరు పెడితే మెలిపడి తెగిపోతుంది. అందుకని కొలత టేపులా చుట్టిన చదును రిబ్బన్ వైరును ఒక గుండ్రటి ప్లాస్టిక్ డబ్బాలో పెడతారు. అదే క్లాక్ స్ప్రింగ్. కొందరు కాంటాక్ట్ కాయిల్ అంటారు, కొందరు స్పైరల్ కేబుల్ అంటారు. అటు తిప్పితే బిగుస్తుంది, ఇటు తిప్పితే వదులవుతుంది. ఏళ్ల తరబడి తిరిగి తిరిగి రిబ్బన్‌లో ఒక గీత చిట్లితే హారనో, ఎయిర్‌బ్యాగో, రెండూనో పోతాయి. దాన్ని మార్చాలంటే ఎయిర్‌బ్యాగ్ తీయాలి, స్టీరింగ్ తీయాలి.

ఇంట్లో చేయకూడని కార్లు కొన్ని ఉన్నాయి, అవి ముందే చెప్తాను. యాక్సిడెంట్ అయిన కారు, వరదలో మునిగిన కారు ముట్టుకోకండి. 2020 అక్టోబరు వానలకు సెల్లార్లలో మునిగిన బండ్లు చేతులు మారి ఇంకా తిరుగుతున్నాయి, సెకండ్ హ్యాండ్‌లో కొన్నవాళ్లు ఇది గుర్తు పెట్టుకోండి. ఎయిర్‌బ్యాగ్ రీకాల్ (లోపం ఉందని కంపెనీ వెనక్కి పిలవడం) ఉన్న కారైతే కంపెనీయే ఉచితంగా మార్చాలి, చాసిస్ నంబరు పెట్టి కంపెనీ వెబ్‌సైట్‌లో చూసుకోండి. బండి అదుపు తప్పి జారకుండా చూసే స్టెబిలిటీ కంట్రోల్ ఉన్న కార్లలో స్టీరింగ్ ఎంత తిరిగిందో చెప్పే సెన్సర్ ఉంటుంది. చాలావాటిలో అది క్లాక్ స్ప్రింగ్‌తోనే కలిసి వస్తుంది, బిగించాక కారు కంప్యూటర్‌కు తగిలించే స్కానర్‌తో సున్నాకు సెట్ చేయాలి. ఆ స్కానర్ లేకపోతే పని సగంలో ఆగుతుంది. మీ కారుకు రిపేర్ మాన్యువల్ దొరక్కపోయినా మొదలుపెట్టకండి.

మాకు శనివారం రాణిగంజ్‌లో కంపెనీ క్లాక్ స్ప్రింగ్ 3,200కు దొరికింది. డూప్లికేట్ 900కే ఇస్తానన్నాడు. ప్రాణం కాపాడే వైరు దాని గుండానే పోతుంది కాబట్టి బేరం ఆడకుండా వచ్చేశాను. సామాను పెద్దగా అక్కర్లేదు. బ్యాటరీకి 10 నంబర్ పానా, ఎయిర్‌బ్యాగ్ బోల్టులకు టీ30 స్టార్ బిట్, స్టీరింగ్ నట్టుకు సరిపడే సాకెట్, బిగుసుకున్న స్టీరింగ్‌ను ఊడలాగే రెండు బోల్టుల పుల్లర్, ఎంత బలంతో బిగిస్తున్నామో చూపే టార్క్ రెంచ్, ఒక వైట్‌నర్ పెన్ను. టార్క్ రెంచ్ కొనలేకపోతే తెలిసిన మెకానిక్‌ని అడిగి తెచ్చుకోండి. చేతి అంచనాతో బిగిస్తాననే పెద్దమనుషుల్లో నేనూ ఒకణ్ని, స్టీరింగ్ దగ్గర మాత్రం కాదు.

ఆదివారం పొద్దున్నే మౌలాలిలో మా ఇంటి ముందు వేపచెట్టు నీడలో బండి పెట్టించాను. ముందు చక్రాలు సూటిగా ఉండేట్టు చూసుకుని, హ్యాండ్ బ్రేక్ వేసి, తాళం తీసేశాం. తర్వాత బ్యాటరీ. ముందు నెగటివ్ తీయాలి. తీసిన కేబుల్ స్ప్రింగులా వెనక్కొచ్చి మళ్లీ టెర్మినల్‌కు తగలొచ్చు, పాత గుడ్డ చుట్టి పక్కకు కట్టేయండి.

అక్కడితో పనిముట్లు కింద పెట్టేయాలి.

"ఏంది మామా, బ్యాటరీ తీసినం గదా, ఇంక కరెంటు యాడిది?" అన్నాడు వాడు స్క్రూడ్రైవర్ చేతిలో పట్టుకుని.

కరెంటు ఇంకా ఉంది. యాక్సిడెంట్‌లో మొదటి దెబ్బకే బ్యాటరీ వైరు తెగినా ఎయిర్‌బ్యాగ్ తెరుచుకోవాలి కదా. అందుకే ఎయిర్‌బ్యాగ్ కంట్రోల్ యూనిట్ లోపల ఒక కెపాసిటర్ కాస్త కరెంటును దాచి ఉంచుతుంది. బ్యాటరీ తీసినా అది వెంటనే ఖాళీ కాదు. కొన్ని కంపెనీల పుస్తకాల్లో 90 సెకన్లు ఆగమని ఉంటుంది, కొన్నింట్లో 3 నిమిషాలు, కొన్నింట్లో 10. నేను లెక్క పెట్టుకోకుండా పావుగంట ఆగుతాను. హారన్ నొక్కి పట్టుకుంటే మిగిలిన కరెంటు పోతుందని మెకానిక్‌లు చెప్పుకునే మాట ఉంది. హారన్ దారి వేరు, ఆ కెపాసిటర్ దారి వేరు, దానివల్ల ఇది ఖాళీ కాదు. మా ఆవిడ టీ తెచ్చింది, తాగాం. వాడు మూడుసార్లు ఫోన్‌లో టైమ్ చూశాడు.

ఎందుకింత భయం అంటారేమో. ఢీకొన్నప్పుడు ఈ సంచి నిండడానికి సుమారు 30 మిల్లీసెకన్లు చాలు. మనం రెప్ప వాల్చి తెరవడానికే దానికి మూడింతలకు పైగా పడుతుంది. రెప్పపాటు అని మనవాళ్లు ఊరికే అంటారు గానీ దీని ముందు రెప్పపాటు కూడా తీరుబడిగా జరిగే పనే. సీటుకు వీపు ఆనించి, బెల్టు పెట్టుకుని కూర్చున్న మనిషిని కాపాడటానికి లెక్కగట్టిన వేగం అది. స్టీరింగ్ మీదకు వంగి స్క్రూ వెతికే మనిషి ముఖం ఆ లెక్కలో లేదు.

పావుగంటయ్యాక కారు బాడీ ఇనుమును ఒకసారి చేత్తో ముట్టుకోండి, ఒంట్లో ఉన్న స్టాటిక్ పోతుంది. సింథటిక్ బట్టలు వేసుకోకపోవడం ఇంకా మేలు. మా బండికి స్టీరింగ్ రెండు పక్కల చిన్న ప్లాస్టిక్ మూతలున్నాయి, వాటి వెనక టీ30 బోల్టులు. బోల్టు పూర్తిగా బయటికి రాదు, వదులై అక్కడే నిలుస్తుంది, గుంజకండి. కొన్ని కార్లకు బోల్టులే ఉండవు, స్టీరింగ్ వెనక రంధ్రాల్లోంచి స్క్రూడ్రైవర్‌తో స్ప్రింగ్ క్లిప్పు నొక్కాలి. ఏ రకమో తెలియకుండా పొడిస్తే కవరు విరుగుతుంది. విప్పేటప్పుడు స్టీరింగ్‌కు ఎదురుగా కాకుండా పక్కకు జరిగి కూర్చోండి.

మాడ్యూల్, అంటే సంచీ మందూ ఉన్న డబ్బా, ముందుకు రాగానే వెనక పసుపు కనెక్టర్ కనిపిస్తుంది. ఎయిర్‌బ్యాగ్ వైర్లు తెలియాలనే ఆ పసుపు రంగు. కనెక్టర్‌కు రెండో తాళంలా ఒక చిన్న పలక ఉంటుంది, దాన్ని సన్నని స్క్రూడ్రైవర్‌తో పైకి లేపి, ఆ తర్వాత కనెక్టర్‌నే పట్టుకుని లాగాలి. వైరు పట్టుకుని లాగితే తెగుతుంది. చాలా కనెక్టర్ల లోపల ఒక చిన్న రేకు ఉంటుంది, ఊడదీయగానే రెండు పిన్నులనూ కలిపేసి దారి తప్పిన కరెంటు ఆ మందును అంటించకుండా చూస్తుంది. హారన్ వైరు వేరే ఉంటుంది, అదీ తీయండి.

ఇక్కడ ఒక్క మాట గట్టిగా చెప్తాను. ఆ పసుపు కనెక్టర్‌లో మల్టీమీటర్ పుల్లలు పెట్టొద్దు. ఎయిర్‌బ్యాగ్ బాగుందా లేదా అని రెసిస్టెన్స్ చూడొద్దు, టెస్ట్ లైట్ పెట్టొద్దు. మీటర్ తనే కాస్త కరెంటు పంపి కొలుస్తుంది. అది పేలడానికి కావాల్సింది కూడా కాస్త కరెంటే.

తీసిన మాడ్యూల్‌ను కవరు వైపు బయటికి, అంటే మీ ఒంటికి దూరంగా ఉండేట్టు పట్టుకుని నడవండి. వైర్లు పట్టుకుని వేలాడదీయొద్దు. పెట్టేటప్పుడు కవరు ఆకాశం వైపు చూడాలి. పొరపాటున పేలినా సంచి పైకి తెరుచుకుని ఊరుకుంటుంది. బోర్లా పెడితే సంచి నేలను తన్ని, ఆ ఇనుప డబ్బా మొత్తం తారాజువ్వలా పైకి లేస్తుంది. దాని మీద ఏమీ పెట్టొద్దు, ఎండలో వదిలేయొద్దు, నూనె, గ్రీజు తగలనీయొద్దు. నేను సామాన్ల గదిలో ఖాళీ బల్ల మీద పెట్టి తాళం వేసి చెవి జేబులో వేసుకున్నాను.

"ఏంది, ఇంట్లకు బాంబు తెచ్చిన్రా?" అంది మా ఆవిడ.

"బాంబు కాదు, బండిది" అన్నాను. ఆ జవాబు నాకే అంత నమ్మకంగా వినపడలేదు.

తర్వాతది నాకు పాత పని. నట్టు చుట్టూ తుడిచి, షాఫ్ట్ మీదా స్టీరింగ్ మీదా కలిసేట్టు వైట్‌నర్‌తో ఒక్క గీత గీశాను. షాఫ్ట్ పళ్లలో ఒక్క పన్ను అటూ ఇటూ అయితే బండి సూటిగా పోతున్నా స్టీరింగ్ వంకరగా కనిపిస్తుంది. నట్టు వదులు చేసేటప్పుడు భారం స్టీరింగ్ లాక్ మీద పడకూడదు, పక్కన ఒకరు స్టీరింగ్ చక్రాన్ని గట్టిగా పట్టుకోవాలి. నట్టు వదులయ్యాక పూర్తిగా తీయకండి, మూడు నాలుగు చుట్లు షాఫ్ట్ మీదే ఉంచండి. నా పెదవికి కుట్లు పడింది ఇది తెలియకే. చక్రం అటూ ఇటూ ఊపితే కొన్నిసార్లు వస్తుంది, రాకపోతే పుల్లర్. పుల్లర్ బోల్టులు స్టీరింగ్ రంధ్రాల్లో లోతుగా దిగితే వెనకున్న క్లాక్ స్ప్రింగ్‌ను పొడుస్తాయి, ఐదారు చుట్లు చాలు. సుత్తి మాత్రం వద్దు. ఇప్పటి కాలమ్‌లు గుద్దినప్పుడు లోపలికి ముడుచుకునేట్టు చేస్తారు. షాఫ్ట్ మీద సుత్తితో కొడితే ఆ ముడుచుకునే భాగమే చెడుతుంది, పైకి ఏమీ కనిపించదు. టక్‌మని చప్పుడొచ్చి చక్రం కదిలాక నట్టు తీసి, వైర్లను మెల్లగా రంధ్రంలోంచి దాటిస్తూ బయటికి తీయండి.

చక్రం తీసి ఉన్నంతసేపూ ముందు టైర్లను ఎవరూ కదపకూడదు. కొత్త క్లాక్ స్ప్రింగ్ ఫ్యాక్టరీలోనే మధ్యకు సెట్ చేసి, తిరగకుండా ఒక పిన్నో స్టిక్కరో పెట్టి ఇస్తారు. బిగించేదాకా దాన్ని తీయొద్దు. మా వాడు దుమ్ము తుడుస్తూ దాన్ని పీకేశాడు, డబ్బా ఒకటిన్నర చుట్టు గిర్రున తిరిగింది. అలాంటప్పుడు మాన్యువల్ చూసి మళ్లీ మధ్యకు తేవాలి. మాదానికైతే ఒక వైపు ఆగేదాకా బలం పెట్టకుండా తిప్పి, అక్కణ్నుంచి వెనక్కి రెండున్నర చుట్లు లెక్కపెట్టి, బాణం గుర్తులు కలిపాను. మధ్యలో లేకుండా బిగిస్తే మొదటి యూటర్న్‌లోనే రిబ్బన్ తెగుతుంది, 3,200 మూసీలో పోసినట్టే.

బిగించడం అదే దారిలో వెనక్కి. వైట్‌నర్ గీతలు కలపాలి, నట్టుకు మాన్యువల్లో రాసిన టార్క్ ఇవ్వాలి. చిన్న కార్లకు సాధారణంగా 30 నుంచి 50 న్యూటన్ మీటర్ల మధ్య ఉంటుంది, మీ బండి అంకె మీరు చూసుకోవాలి. కొత్త నట్టు వాడమని ఉంటే కొత్తదే వేయండి. పసుపు కనెక్టర్ క్లిక్‌మనేదాకా నొక్కి, దాని పలక కూడా మూయాలి. బ్యాటరీ కలిపేటప్పుడు కారులో ఎవరూ కూర్చోవద్దు. తాళం ఆన్ చేసేటప్పుడు తలుపు పక్కన నిలబడి, తల, ఛాతీ స్టీరింగ్ ముందుకు రాకుండా చెయ్యి ఒక్కటే లోపలికి పెట్టి తిప్పండి. ఎర్ర బొమ్మ కొన్ని సెకన్లు వెలిగి ఆరిపోవాలి. ఆరకపోతే పాత ఎర్రర్ కోడ్ మిగిలి ఉండొచ్చు, ఎయిర్‌బ్యాగ్ చదివే స్కానర్‌తో తీయించాలి. చవక ఓబీడీ రీడర్లు (కారు ఎర్రర్ కోడ్లు చదివే చిన్న పరికరాలు) చాలావరకు ఇంజిన్ కోడ్లే చదువుతాయి.

ఎయిర్‌బ్యాగ్ తీసేసి బొమ్మలో చూసిన స్పోర్ట్స్ స్టీరింగ్ వేయమని పిల్లలు అడుగుతుంటారు, నేను వేయను. స్టీరింగ్ మధ్యలో దేవుడి రేకు బొమ్మ అతికించిన బండ్లు కూడా చూస్తుంటాను. ఆ బొమ్మను డ్యాష్‌బోర్డు మీదకు కూడా మార్చొద్దు, అక్కడ పక్కసీటు ఎయిర్‌బ్యాగ్ ఉండొచ్చు. అద్దానికి వేలాడదీసే చిన్న దండ చాలు. పేలని పాత ఎయిర్‌బ్యాగ్‌ను పాత ఇనుప సామాన్లవాడికి అమ్మొద్దు, సర్వీస్ సెంటర్‌లో ఇచ్చేయండి. ఎవరో ఒకరు దాన్ని కోసి చూస్తారు.

మా వాడి బండిలో ఎర్ర బొమ్మ ఆరిపోయింది. లాలాపేట ఫ్లైఓవర్ దాకా పోయి వచ్చాం. స్టీరింగ్ ఒక్క పన్ను కుడికి తేడా వచ్చింది, వైట్‌నర్ గీత మందంగా గీసిన తప్పు నాదే. మళ్లీ బ్యాటరీ తీసి, మళ్లీ పావుగంట కూర్చున్నాం. ఈసారి వాడు ఫోన్ చూడలేదు, టీ తనే తెచ్చాడు.