చురుకైన యోధుణ్ణి తీర్చిదిద్దే ముందు చూసుకోవలసిన జాగ్రత్తలు

ఎల్డెన్ రింగ్ అనే వీడియో గేమ్‌లో వేగాన్ని నమ్ముకునే కత్తివీరుణ్ణి తయారుచేయదలచినవారు, ఆట మొదట్లో ఎంచుకునే యోధుల రకాల్లో ఒకటైన సమురాయ్‌తో మొదలుపెట్టడం మేలు. అతని కత్తి ఉచిగతాన పట్టడానికి స్ట్రెంగ్త్ (బలం) 11 పాయింట్లు, డెక్స్‌టెరిటీ (చురుకుదనం) 15 పాయింట్లు కావాలి, ఆ రెండూ అతనికి మొదటినుంచే ఉంటాయి.

అన్నింటికన్నా ముందు బరువు చూసుకోవాలి. మోయగల బరువులో 70 శాతానికి చేరితే దెబ్బ తప్పించుకునేందుకు దొర్లడం బాగా మందగిస్తుంది. కావలిలో మా తమ్ముడు చూడముచ్చటగా ఉందని బరువైన కవచం తొడిగించి, మార్గిట్ అనే బాస్ (పెద్ద శత్రువు) కర్ర పైకెత్తి కాసేపు ఆపి దించే దెబ్బకు ప్రతిసారీ ముందే దొర్లి, లేచేలోపే దెబ్బ తినేవాడు. కవచం తీయించి, కర్ర కదిలాకే బటన్ నొక్కమని చెప్పాను, అప్పుడు గాని తప్పించుకోవడం చేతకాలేదు. కాబట్టి పోరుకు దిగేముందు ఖాళీ చోట నాలుగుసార్లు దొర్లించి, అడుగు తేలికగా పడుతున్నదీ లేనిదీ కళ్ళారా చూసుకోవాలి.

పాయింట్లన్నీ డెక్స్‌టెరిటీకే పోయకూడదు. ఎంత చురుకైనవాడికైనా ఒక దెబ్బ తప్పక తగులుతుంది గనుక, ప్రాణశక్తిని పెంచే వైగర్‌ను ముందుగా పెంచుకోవాలన్నది నా గట్టి అభిప్రాయం. తప్పు జరిగితే రెన్నాల అనే బాస్‌ను ఓడించాక ఆమెకు లార్వల్ టియర్ అనే వస్తువు ఒకటి ఇచ్చి పాయింట్లను తిరిగి పంచుకోవచ్చు, అయితే అవి పరిమితంగానే దొరుకుతాయి.

చచ్చిపోతే చేజారిపోతాయి గనుక, చేతిలోని రూన్లను (శత్రువులను చంపితే వచ్చే, స్థాయి పెంచుకోవడానికి వాడే ఆటలోని సొమ్మును) బాస్ గదిలోకి వెళ్ళకముందే ఖర్చుపెట్టేయాలి.