క్యాటరింగ్ వ్యాన్‌లో ప్రొపేన్ ట్యాంకులు: అమెరికాలో రూల్స్ తప్పకుండా తీసుకెళ్లడం ఎలా?

అమెరికాలో ఏ తెలుగు సంఘం ఉగాది వేడుకకు వెళ్లినా జనం ఎక్కువగా కనబడేది లైవ్ దోశ కౌంటర్ దగ్గరే. ఆ పెనం కింద మంటకి ప్రొపేన్ కావాలి. ఆ ట్యాంకుల్ని వ్యాన్‌లో వేసుకుని రోడ్డెక్కితే ఫెడరల్ చట్టం లెక్కలో మీరు ప్రమాదకర సరుకు రవాణా చేస్తున్నట్టే.

కంగారు అక్కర్లేదు. తమ పని కోసం కొద్దిపాటి సరుకు వెంట తీసుకెళ్లే పెయింటర్లు, ప్లంబర్లు, వెల్డర్లు, క్యాటరర్ల లాంటి వాళ్లకి ‘మెటీరియల్స్ ఆఫ్ ట్రేడ్’ అని ఒక వెసులుబాటు ఉంది. ఫెడరల్ నిబంధనల పుస్తకం (సీఎఫ్ఆర్)లో దీని రూల్ నంబర్ 49 సీఎఫ్ఆర్ 173.6. దీని కిందకి వస్తే షిప్పింగ్ పేపర్లు, బండికి ప్రమాద సూచిక ప్లకార్డులు, డ్రైవర్‌కి హజ్‌మాట్ (ప్రమాదకర సరుకు) ట్రైనింగ్ ఏవీ అడగరు. అయితే మినహాయింపు అనగానే ఇక ఏ రూలూ లేదనుకునేవాళ్లు చాలామంది. తగ్గేది కాగితాల పనే. బరువు లెక్క, లేబుల్, ట్యాంకుల్ని కదలకుండా కట్టడం మీ నెత్తినే ఉంటాయి.

1. ముందు ఇది మీకు వర్తిస్తుందో లేదో చూసుకోండి

మీ అసలు వ్యాపారం రవాణా కాకూడదు. మీ వంటకి మీ ట్యాంకులు మీ బండిలో వెళ్తే సరే. పక్క క్యాటరర్ ట్యాంకుల్ని కిరాయి తీసుకుని చేరవేస్తే ఈ వెసులుబాటు ఉండదు. బాణసంచా కూడా దీని కిందకి రాదు. దీపావళి ఈవెంట్‌కి వంట సామానుతో పాటు టపాకాయల పెట్టె కూడా పెట్టుకు రమ్మని ఎవరైనా అడిగితే మొహమాటపడకుండా కాదనండి.

2. బరువు లెక్క వేయండి

బండిలో ఈ రకం సరుకంతా డబ్బాల బరువుతో కలిపి 440 పౌండ్లు దాటకూడదు. ఏ ఒక్క సిలిండరూ 220 పౌండ్లు మించకూడదు. గ్రిల్‌కి వాడే మామూలు 20 పౌండ్ల ట్యాంక్ నిండా ఉంటే ఇనుముతో కలిపి 37 పౌండ్ల దాకా తూగుతుంది. అంటే కాగితం మీద 11 ట్యాంకులు పడతాయి.

కానీ మీది మూసి ఉన్న కార్గో వ్యాన్ లేదా మినీవ్యాన్ అయితే ఈ లెక్క నమ్ముకోకండి. ప్రొపేన్‌కి సంబంధించి ఎన్ఎఫ్‌పీఏ 58 అనే ఫైర్ కోడ్ ఉంది, రాష్ట్రాలు దాన్ని తమ చట్టాల్లో చేర్చుకుంటాయి. దాని ప్రకారం మూసిన బండి లోపల మొత్తం 90 పౌండ్ల ప్రొపేన్ సామర్థ్యం దాటకూడదు, ఒక్కో సిలిండర్ 45 పౌండ్లు మించకూడదు. అంటే 20 పౌండ్లవి నాలుగు. పొడుగాటి 100 పౌండ్ల సిలిండర్ అయితే ఒక్కటి కూడా కుదరదు. ఎక్కువ కావాలంటే పికప్ లేదా ఓపెన్ ట్రైలర్ చూసుకోవాల్సిందే. నా మటుకు చూసుకోవాల్సిన అసలు పరిమితి ఇదే; 440 అంకె చూసి ధైర్యం తెచ్చుకోవడం తప్పు. మీ ఊళ్లో ఆ కోడ్ ఏ ఎడిషన్ అమల్లో ఉందో ఫైర్ మార్షల్ ఆఫీసుకి ఫోన్ చేస్తే చెప్తారు.

3. ట్యాంక్ కాలర్ చదవండి

హ్యాండిల్ చుట్టూ ఉండే ఆ ఇనుప పట్టీ మీద తయారైన నెల, సంవత్సరం గుద్ది ఉంటాయి. 12 ఏళ్లు దాటితే మళ్లీ పరీక్ష చేయించి కొత్త తేదీ వేయించాలి, లేదంటే నింపరు. దానితో పాటు ప్రొపేన్ అన్న పేరు, ప్రమాదకర సరుకుని గుర్తించే యూఎన్ 1978 లేదా యూఎన్ 1075 నంబరు, మంట బొమ్మ ఉన్న ఎర్రటి డైమండ్ స్టిక్కర్ కనబడాలి. నూనె జిడ్డుకి స్టిక్కర్ చిరిగి సగమే మిగిలితే కొత్తది అంటించండి. ఖరీదేమీ కాదు.

4. మిగతా సామాను మర్చిపోకండి

జనరేటర్ పెట్రోలు, చేఫింగ్ డిష్ కింద పెట్టే ఫ్యూయల్ డబ్బాలు, ఘాటు క్లీనింగ్ ద్రావకాలు కూడా ఆ 440 లోకే వస్తాయి. ఇలాంటి ద్రవాలు సాధారణంగా ఒక్కో డబ్బాలో 8 గ్యాలన్లు మించకూడదు. కంపెనీ డబ్బాలోనే ఉంచాలి, లేదా అంత గట్టిదే మరొకటి వాడి, లోపల ఏముందో పైన రాయాలి. పాల జగ్గులోకి డీగ్రీజర్ వంచుకుని పేరు రాయకుండా పెట్టుకోవడం మన కిచెన్లలో మామూలే. రోడ్డు మీద అది చెల్లదు.

5. నిలబెట్టి కట్టండి

వాల్వ్ గట్టిగా మూసి, నోటికి ప్లగ్ పెట్టి, ట్యాంక్‌ని నిటారుగా నిలబెట్టండి. పడుకోబెడితే, ఒత్తిడి ఎక్కువైతే తెరుచుకునే రిలీఫ్ వాల్వ్ దగ్గరికి గ్యాస్‌కి బదులు ద్రవం చేరుతుంది. అప్పుడు వాల్వ్ తెరుచుకుంటే ద్రవమే బయటికి వచ్చి, ఎన్నో రెట్లు వ్యాపించి గ్యాసవుతుంది. రెండు బియ్యం బస్తాల మధ్య ఇరికిస్తే కట్టినట్టు కాదు. మిల్క్ క్రేట్‌లో దింపి, క్రేట్‌ని ర్యాచెట్ స్ట్రాప్‌తో బండి గోడ కొక్కేనికి బిగించండి. సడన్ బ్రేక్ వేసినా కదలకూడదు.

6. డ్రైవర్‌కి చెప్పండి

ఇది మర్యాద కోసం కాదు, రూల్‌లోనే ఉంది. బండిలో ఏముందో, ఏ నియమాలు పాటించాలో నడిపేవాళ్లకి తెలిసి ఉండాలి. వీకెండ్ సాయానికి వచ్చిన స్టూడెంట్ అయినా సరే.

7. జీపీఎస్ కన్నా ముందు మీరే దారి చూసుకోండి

టన్నెళ్లకి వేరే రూల్స్ ఉంటాయి. న్యూజెర్సీ నుంచి వర్జీనియాకి ఐ-95 మీద వెళ్లేవాళ్లకి బాల్టిమోర్‌లో ఫోర్ట్ మెక్‌హెన్రీ టన్నెల్ తగులుతుంది. దానిలోకి గానీ, ఐ-895 మీది హార్బర్ టన్నెల్‌లోకి గానీ ఒక్కోటి 10 పౌండ్లు మించిన ప్రొపేన్ ట్యాంకులు రానివ్వరు. అంటే మీ 20 పౌండ్ల ట్యాంక్ ఒక్కటి ఉన్నా కుదరదు. ఇదివరకు అలాంటి బండ్లు ఐ-695 మీది ఫ్రాన్సిస్ స్కాట్ కీ బ్రిడ్జి మీదుగా వెళ్లేవి. 2024 మార్చి 26న ఓడ గుద్ది అది కూలిపోయాక ఐ-695 పడమటి వైపు నుంచి చుట్టి రావడమే. ఆ టైమ్ కూడా లెక్కేసుకుని బయల్దేరండి, లేకపోతే హాల్‌కి చేరేసరికి జనం ప్లేట్లు పట్టుకుని నిలబడి ఉంటారు.

8. తిరుగు ప్రయాణంలో

అయిపోయిన ట్యాంకులో ఇంకా గ్యాస్ మిగిలే ఉంటుంది. కాబట్టి వాటికీ అదే ప్లగ్, అదే స్ట్రాప్. అర్ధరాత్రి ఇంటికి చేరాక ఎంత నీరసంగా ఉన్నా వ్యాన్‌లో, గరాజ్‌లో వదిలేయకుండా, ఆరుబయట నీడ పడే చోట నిలబెట్టి పడుకోండి.